షాంపోలియన్ – ఈజిప్టు చిత్రలిపి పఠనము

క్రీ. శ. 394వ సంవత్సరము ఆగస్టు 24వ తేదీన, నైలునదీ మధ్యమందలి ఫిలే ద్వీపమున ఒక పూజారి దేవాలయపు గోడపై చిన్న శాసనమును చెక్కించెను. కాలము తెలిసిన ఈజిప్టు చిత్రలిపి శాసనములలో అదియే కడపటిది. మూడువేల యేండ్లకు పైగా రాజాజ్ఞలను, దేవతాస్తుతులను, మృతుల నామములను మోసిన ఆ లిపి నెఱిగినవారు ఆ పిమ్మట ఒక్కరొక్కరుగా గతించిరి. గోడలు నిలిచెను, బొమ్మలు నిలిచెను, వాని పలుకు మాత్రము పోయెను. ఆ పలుకును 1822లో మరల వినిపించినవాడు ఫ్రెంచి పండితుడు ఝాఁ ఫ్రాంస్వా షాంపోలియన్.

ఆ లిపి పఠనమునకు అడ్డు వచ్చినది సామగ్రి కొఱత కాదు, ఒక పాతబడిన నమ్మకము. పక్షి, పాము, సింహము, సూర్యబింబము మొదలగు బొమ్మలు కంటికి స్పష్టముగా కనబడుటచే, వానిలో ప్రతిదియు ఏదో తత్త్వార్థమునకు సంకేతమని గ్రీకులు తలచిరి. హోరాపొల్లో పేరున నిలిచిన గ్రంథము ఈ భావమునకు ప్రామాణ్యమును కల్పించెను. 17వ శతాబ్దమున కిర్కర్ అను జెసూటు పండితుడు ఈ త్రోవనే నడచి సంపుటములకు సంపుటములు నింపెను. ఆ పఠనములలో నేడు నిలిచినది లేదు. అయినను కిర్కర్ చేసిన మేలొకటి కలదు. ఈజిప్టు క్రైస్తవుల కాప్టిక్ భాష ప్రాచీన ఈజిప్టు భాషకు సంతతియని ఆయన గుర్తించి, ఆ భాషా వ్యాకరణమును ఐరోపాకు పరిచయము చేసెను. తాళము తీయలేకపోయినను తాళపుచెవి ఉన్న చోటును చూపెను.

షాంపోలియన్ 1790 డిసెంబరు 23వ తేదీన నైరృతి ఫ్రాన్సులోని ఫిజాక్ పట్టణమున జన్మించెను. తండ్రి పుస్తక విక్రేత. ఇంట ధనము కొంచెము, గ్రంథములు మెండు. అన్నయగు ఝాక్ జోసెఫ్ పండ్రెండేండ్లు పెద్ద. తమ్మునికి గురువును, పోషకుడును, తుదకు గ్రంథ ప్రకాశకుడును ఆయనయే. ఈ అన్న లేనిచో ఈ తమ్ముడు లేడనుట అతిశయోక్తి కాదు. 1801లో బాలుడు అన్న యున్న గ్రెనోబుల్ నగరమునకు చేరెను. ఆ మండలమునకు మఱుసటి యేడు అధిపతిగా వచ్చిన గణితవేత్త ఫూరియే, నెపోలియన్ దండయాత్రతో ఈజిప్టునకు పోయి వచ్చిన విద్వాంసులలో నొకడు. ఆయన తన పురావస్తువులను బాలునికి చూపెననియు, వానిని నేను చదివెదనని బాలుడు ప్రతినబూనెననియు ఒక కథ ప్రచారములో నున్నది. జీవితచరిత్రకారులు కొందఱు దీనిని సందేహించిరి. ప్రతినబూనెనో లేదో గాని, చదువు మాత్రము ప్రతినకు తగినట్లే సాగెను.

లాటిను, గ్రీకు, హీబ్రూ, అరబ్బీ, సిరియాక్ భాషలను పాఠశాలా దశలోనే అభ్యసించెను. కాని వాని నన్నిటిని మించి ఆయన మనస్సు కాప్టిక్ భాషపై నిలిచెను. ఈ భాషకు లిపి గ్రీకు వర్ణమాల; గ్రీకులో లేని ధ్వనులకై ఈజిప్టు జనలిపినుండి కొన్ని అక్షరములను చేర్చుకొనెను. అరబ్బీ వ్యాప్తిచే వ్యవహారమునుండి తొలగి, కాప్టిక్ చర్చి ప్రార్థనలలో మాత్రము నిలిచెను. నాటి పండితులకు అది మతగ్రంథముల భాష; షాంపోలియన్‌కు అది ఫారోల భాష వార్ధక్యమున తాల్చిన రూపము. 1807లో, పదునేడేండ్లు నిండకమునుపే, ప్రాచీన ఈజిప్టు స్థలనామములను గూర్చి గ్రెనోబుల్ విద్వత్సభలో ఒక పత్రమును చదివెను. ఆ యేడే పారిస్ చేరి, సిల్వెస్త్ర్ ద సాసీ వద్ద అరబ్బీ, పారసీక భాషలను అభ్యసించుచు, సెయింట్ రాక్ చర్చికి పోయి అచటి ఈజిప్టు దేశీయుడగు పురోహితుని నోట కాప్టిక్ ఉచ్చారణము వినెను. గ్రంథస్థమైన భాషకు సజీవమైన నోటిని వెదకిన ఈ బుద్ధియే ఆయన విజయమునకు మూలము.

1809లో, పందొమ్మిదేండ్లు నిండకమునుపే, గ్రెనోబుల్‌లో చరిత్రోపన్యాసకుడయ్యెను. తరువాతి పండ్రెండేండ్లును రాజకీయపు టాటుపోట్లలో గడచెను. 1815లో ఎల్బా ద్వీపమునుండి తిరిగివచ్చిన నెపోలియన్‌ను సోదరులిద్దఱు బలపఱచిరి. బూర్బను ప్రభువులు మరల వచ్చిన పిమ్మట, 1816లో, ఇద్దఱును ఫిజాక్‌కు ప్రవాసము పంపబడిరి. తిరిగి లభించిన ఉద్యోగము సైతము 1821లో పోయెను. ఆ వేసవిలో అనారోగ్యముతో, రిక్తహస్తములతో పారిస్‌లోని అన్న యిల్లు చేరెను.

అప్పటికి రొసెట్టా శిల బయటపడి ఇరువది రెండేండ్లు. 1799 జూలైలో ఫ్రెంచి సైనికులు దానిని కనుగొనిరి. 1801 సంధిచే ఆంగ్లేయుల వశమై 1802లో బ్రిటిష్ మ్యూజియము చేరెను. క్రీ. పూ. 196లో ఐదవ టోలమీ రాజు గౌరవార్థము పూజారులు చేసిన తీర్మానము దానిపై చిత్రలిపిలోను, డెమోటిక్ అను జనలిపిలోను, గ్రీకులోను చెక్కబడినది. చిత్రలిపి భాగము పైన విరిగి పోయి పదునాలుగు పంక్తులు మాత్రమే మిగిలెను. స్వీడను దేశీయుడు ఓకెర్‌బ్లాడ్ 1802లో జనలిపిలోని కొన్ని పేళ్లను గుర్తించెను. ఇంగ్లండులో కాంతి తరంగ సిద్ధాంతమునకు ప్రసిద్ధుడైన వైద్యుడు థామస్ యంగ్, జనలిపి చిత్రలిపినుండియే పుట్టెనని కనుగొని, నిడుపాటి వలయములో నున్న టోలమీ పేరును విడదీసి కొన్ని వర్ణములను సరిగా పోల్చి 1819లో ప్రకటించెను. ఈ ఋణమును షాంపోలియన్ తగినంతగా ఒప్పుకొనలేదు. ఆయన పక్షపాతులు ఎంత సమర్థించినను ఇది లోపమే. అయితే యంగ్ ఆ ధ్వనిచిహ్నములను ప్రధానముగా పరదేశీయుల పేళ్లకే పరిమితమని తలచి ఆగిపోయెను. కాప్టిక్ ఆయనకు నిఘంటువులోని భాష. షాంపోలియన్‌కు తలపులోని భాష.

షాంపోలియన్ సైతము తిన్నగా గమ్యము చేరలేదు. 1821లో ప్రకటించిన చిన్న పుస్తకములో పూజారుల శీఘ్రలిపి చిత్రలిపికే సంక్షిప్త రూపమని సరిగా నిరూపించి, ఆ చిహ్నములు వస్తువులకే గాని ధ్వనులకు గావని తప్పుగా నిర్ణయించెను. ఆ నిర్ణయమును కదలించినది ఒక లెక్క. శిలపై మిగిలిన చిత్రలిపి చిహ్నములను లెక్కింపగా 1,419 తేలెను; దానికి సరియగు గ్రీకు భాగమున నున్న పదములు 486 మాత్రమే. చిహ్నమునకు ఒక పదమనుట ఇక పొసగదు.

1822 ఆరంభమున మఱియొక ఆధారము చేతికి వచ్చెను. ఫిలేనుండి బాంక్స్ అను ఆంగ్లేయుడు తరలించిన సూచీస్తంభముపై చిత్రలిపియు, దాని పీఠముపై గ్రీకు శాసనమును కలవు. గ్రీకులో టోలమీ, క్లియోపాత్రా నామములు రెండును కలవు. రెండవ వలయము క్లియోపాత్రాది కావచ్చునని బాంక్స్ ముందే ఊహించెను. షాంపోలియన్ ఆ రెండు పేళ్లను ప్రక్కప్రక్క నిలిపి చూచెను. టోలమీ పేరున నాల్గవ చోటనున్న సింహము క్లియోపాత్రా పేరున రెండవ చోట నుండెను, అది లకారము. గ్రద్ద ఆఱవ చోట, తొమ్మిదవ చోట వచ్చెను, అది అకారము. తకారమునకు మాత్రము రెండు పేళ్లలో వేర్వేరు చిహ్నము లుండెను. ఒకే ధ్వనికి ఒకటికంటె నెక్కువ చిహ్నము లుండవచ్చునని ఆయన గ్రహించెను. ఈ పద్ధతితో అలెగ్జాండరు మొదలు రోమను చక్రవర్తుల వరకు పేళ్లన్నియు విడివడెను.

కాని అవి యన్నియు పరదేశీయుల పేళ్లే. అసలు పరీక్ష 1822 సెప్టెంబరు 14వ తేదీన జరిగెనని చెప్పుదురు. వాస్తుశిల్పి యుయో పంపిన దేవాలయ చిత్రములలో ఒక వలయముండెను: మొదట సూర్యబింబము, చివర రెండు సకారములు, నడుమ వేఱొక చిహ్నము. సూర్యుని కాప్టిక్ భాషలో రె అందురు. నడిమి చిహ్నము రొసెట్టా శిలపై జన్మదినమును తెలుపు చోట కనబడును. కాప్టిక్‌లో ప్రసవించుటకు మిసె అని పేరు. కూడి చదువగా రామ్‌సెస్ వచ్చెను. వేఱొక వలయమున థోత్ దేవతకు గుర్తైన ఐబిస్ కొంగ, దాని వెంట అదే చిహ్నము, సకారము, అది తుత్మోస్. గ్రీకుల రాకకు వేయేండ్ల ముందటి ఈ రాజుల పేళ్లు గ్రీకు రచయితల పట్టికలలో నిలిచియుండెను. ఇప్పుడు వారి గోడలే వానిని పలికెను. షాంపోలియన్ అన్న పనిచేయు భవనమునకు పరుగెత్తి, సంగతి చెప్పి మూర్ఛపోయెనని కుటుంబ వృత్తాంతము.

సెప్టెంబరు 27న శాసన పరిషత్తులో, దాని కార్యదర్శి దాసియే పేర వ్రాసిన లేఖ చదువబడెను. యంగ్ ఆ సభలో నుండెను. వింతయేమన, ఆ లేఖ ప్రధానముగా గ్రీకు, రోమను నామములకే కట్టుబడినది. పూర్ణసిద్ధాంతము 1824 నాటి గ్రంథమున వెలువడెను: ఈజిప్టు లిపిలో కొన్ని చిహ్నములు ధ్వనులను, కొన్ని పదములను తెలుపును, మఱికొన్ని పలుకబడక అర్థమును మాత్రము నిర్ణయించును, ఒకే వాక్యమున, ఒకే పదమున సైతము మూడును కలియును. గుణింతములతో ప్రతి అచ్చును వ్రాయు భారతీయ లిపులకు అలవడిన కంటికి ఇంకొక విశేషము తోచును. ఈజిప్టు లేఖకులు హల్లులనే వ్రాసిరి, అచ్చులను విడిచిరి. అచ్చులకై నేటికిని విద్వాంసులు ప్రధానముగా కాప్టిక్‌నే ఆశ్రయింతురు. పదునైదేండ్ల పిమ్మట, 1837లో, బ్రాహ్మీలిపిని విడదీసిన జేమ్స్ ప్రిన్సెప్‌కు సాంచి దాతల శాసనములు దారి చూపెను. అచట లిపియే మఱుగుపడెను గాని ప్రాకృతము విద్వాంసులకు తెలిసిన భాష. షాంపోలియన్‌కు లిపి, భాష రెండును మఱుగే. మనుమరాలి మాటనుబట్టి అవ్వ మాటను ఊహింపవలసి వచ్చెను.

1824లో ఆయన ట్యూరిన్ చేరి అచటి సంగ్రహమును పరిశీలించెను. తునుకలుగా నలిగిన పపైరస్ పత్రములలో ఫారోల రాజావళిని గుర్తించెను. 1826లో లూవ్ర్ మ్యూజియమున ఈజిప్టు విభాగమునకు అధికారియై మఱుసటి యేడు దానిని తెఱిచెను.

1828 ఆగస్టులో, ఇటలీ పండితుడు రొసెల్లీనితో కూడి అలెగ్జాండ్రియాలో దిగెను. ముప్పదియేడేండ్ల వయస్సున ఆయన ఈజిప్టు నేలను చూచుట అదే మొదలు. నైలు వెంబడి రెండవ జలపాతము వరకు పోయి, దారి పొడవున శాసనములను చదువుచు ప్రతులు తీసెను. దెందెరాలో ఒక గుణపాఠము లభించెను. అచటి రాశిచక్రమునకు ప్రక్కన రోమను చక్రవర్తి బిరుదమున్నదని, అచ్చుపడిన చిత్రమునుబట్టి ఆయన పూర్వము వాదించెను. గోడను చూడగా ఆ వలయము శూన్యము. ప్రతి వ్రాసినవారు దానిని నింపిరి! దేవాలయము అర్వాచీనమన్న నిర్ణయము తప్పు కాలేదు గాని, దాని ఆధారము గోడపై లేదు. ప్రతులపై ఆధారపడు శాసనపరిశోధకు లెవ్వరును మఱవరాని సంఘటన మిది. పురాతన కట్టడములను ధ్వంసము కాకుండ కాపాడవలసినదని పాలకుడు మహమ్మదాలీకి 1829లో విన్నపము సమర్పించెను. ఐనను, సేతి రాజు సమాధినుండి ఒక చెక్కడపు ఫలకమును లూవ్ర్‌కు తరలించినవాడును ఆయనయే. రెండును ఒకే మనుజుని పనులు.

1831లో కొలేజ్ ద ఫ్రాన్సులో ఆయనకొఱకే ఒక ఆచార్యపీఠము నెలకొల్పబడెను. ఆరోగ్యము చెడుటచే ఉపన్యాసములు కొలదిగానే సాగెను. 1832 మార్చి 4న, నలువదియొకటవ యేట మరణించెను. వ్యాకరణము చేతివ్రాతలో నుండెను. అన్న దానిని 1836లో అచ్చువేయ నారంభించి, పిదప నిఘంటువునుగూడ ప్రకటించెను. ఇంతలో సాల్వొలీని అను శిష్యుడు కొన్ని వ్రాతప్రతులను అపహరించి, వానిలోని విషయమును తనదిగా ప్రచురించెను. అతని మరణానంతరము గాని గుట్టు బయటపడలేదు.

సిద్ధాంతమును శంకించినవారు అనేకులు. 1837లో జర్మను పండితుడు లెప్సియుస్ దానిని పరీక్షించి సమర్థించుచునే ఒకచో దిద్దెను: షాంపోలియన్ ఏకవర్ణమని తలచిన చిహ్నములలో కొన్ని రెండు హల్లులను కలిపి చెప్పును, రామ్‌సెస్ పేరులోని నడిమి చిహ్నము అట్టిదే. అదే లెప్సియుస్ 1866లో తానిస్ శిథిలములలో, చిత్రలిపి, జనలిపి, గ్రీకు మూడును కలిగి, చిత్రలిపి భాగము చెదరక నిలిచిన వేఱొక తీర్మానశిలను కనుగొనెను. షాంపోలియన్ ఎన్నడును చూడని ఆ పాఠమును ఆయన పద్ధతినే చదువగా, అర్థము గ్రీకు పాఠముతో సరిపోయెను.