వర్గమూలం లెక్క చెప్పిన మహావీరాచార్యుడు

కొడంగల్: బడిలో పిల్లలు నేర్చుకునే వర్గమూలం లెక్కను 9వ శతాబ్దంలోనే శ్లోకాలుగా కూర్చిన మహావీరాచార్యుడు ఈ ప్రాంతానికి పరాయివాడు కాడు. ఆయన తన గ్రంథంలో స్తుతించిన ప్రభువు రాష్ట్రకూట చక్రవర్తి అమోఘవర్షుడు. క్రీ.శ. 814 నుంచి 878 వరకు పాలించిన ఆ రాజుకు మాన్యఖేటం రాజధాని. అదే నేటి కర్ణాటకలోని కలబురగి జిల్లా మల్ఖేడ్. కొడంగల్ తాలూకా కూడా 1956 వరకు ఆ జిల్లాలోదే. తర్వాతనే మహబూబ్‌నగర్‌లో కలిసింది.

మహావీరాచార్యుడు జైనుడు. ఆ రోజుల్లో ఇటు కూడా జైనం వర్ధిల్లిందనడానికి జడ్చర్ల వద్ద గొల్లత్తగుడి, నల్లగొండ వైపు కొలనుపాక సాక్ష్యాలు. అంతకు ముందు గణితం ఎక్కువగా జ్యోతిష గ్రంథాలలో ఒక భాగంగా ఉండేది. ఆయన దానిని వేరుచేసి గణితసారసంగ్రహం అనే ప్రత్యేక గ్రంథం రాశారు. వెయ్యికి పైగా శ్లోకాలున్న ఆ గ్రంథమే ఆయన జీవిత చరిత్ర అనవచ్చు.

ఋణ సంఖ్య ఏ సంఖ్యకూ వర్గం కానేరదు గనుక దానికి వర్గమూలం లేదని ఆయన స్పష్టంగా తేల్చారు. అయితే సున్నతో భాగిస్తే సంఖ్య మారదని చెప్పి పొరపాటూ పడ్డారు.

ఆయన కాలంలో దశాంశ బిందువు లేదు. భిన్నానికి లవం మూలాన్ని, హారం మూలాన్ని వేర్వేరుగా తీసేవారు. నేటి దశాంశ లెక్కకు ఆధారం ఇదే. ఉదాహరణకు గుంట అంటే 121 చదరపు గజాలు. చదరంగా ఉంటే ఒక పక్క సరిగ్గా 11 గజాలు. అర గుంట అయితే 60.5 చదరపు గజాలు. దీన్ని 100 కింద 6050గా రాస్తే, 6050 మూలాన్ని 10తో భాగించాలి. అందుకే బిందువు నుంచి అటూ ఇటూ రెండేసి అంకెలు జత చేస్తారు. కుడివైపు ఒంటరి 5 పక్కన సున్న చేర్చి 50 చేయాలి.

60లో 7 వర్గం 49 పోగా 11 మిగులుతుంది. 50 దించితే 1150. ఏడుకు రెట్టింపు 14. దాని పక్కన 7 చేర్చి, 147ను 7తో గుణిస్తే 1029. శేషం 121కి రెండు సున్నలు దించితే 12100. ఇప్పుడు 77కు రెట్టింపు 154. మళ్లీ 7 చేర్చి, 1547ను 7తో గుణిస్తే 10829. ఇలా 7.77 వస్తుంది. ఇంకో అంకె తీస్తే 7.778.

ఒంటరి 5నే దించితే 115 అవుతుంది. అందులో 141 కూడా పోదు గనుక పక్క 7 గజాలనే తేలుతుంది. ఆ కొలతకు కడీలు పాతితే 49 చదరపు గజాలే దక్కుతాయి. ఒక్క సున్న మరచినందుకు పేదవాని స్థలంలో 11.5 చదరపు గజాలు గెట్టు అవతలికి పోతాయి.

11వ శతాబ్దంలో పావులూరి మల్లన ఈ గ్రంథాన్ని తెలుగు పద్యాలలోకి తెచ్చారు. తెలుగులో తొలి గణిత గ్రంథం అదే. 1912లో మద్రాసులో రంగాచార్యులు మూలాన్ని ఇంగ్లీషు అనువాదంతో ప్రచురించగా మహావీరాచార్యుని పేరు ప్రపంచానికి తెలిసింది. రాష్ట్రకూటుల కోట మల్ఖేడ్‌లో శిథిలమైనా, ఆయన చెప్పిన లెక్క మాత్రం పల్లె బడి నల్లబల్ల మీద నేటికీ చెక్కుచెదరలేదు.