ఆక్స్‌ఫర్డ్ సభలో నేర్చిన విద్య

జవహర్‌లాల్ నెహ్రూ కేంబ్రిడ్జిలో చదువుకున్న రోజుల్లో ట్రినిటీ కళాశాల విద్యార్థుల చర్చా సంఘానికి ఒక నియమం ఉండేది. టర్ము మొత్తంలో ఒక్కసారైనా లేచి మాట్లాడని సభ్యుడు జరిమానా కట్టవలసిందే. సభాకంపం వదలని కారణంగా ఆ జరిమానా తరచు కట్టుకున్నట్లు నెహ్రూ తమ ఆత్మకథలో చెప్పారు. ఆయన 1910లో కేంబ్రిడ్జి విడిచారు. మరి పదకొండేళ్లకు ఆక్స్‌ఫర్డ్‌లో అడుగుపెట్టిన ఒక సింహళ యువకుడి తీరు ఇందుకు పూర్తిగా భిన్నం. సభలో లేచి నిలబడితే ఆయనకు ఎక్కడలేని సత్తువ వచ్చేది. ఆయనే సాలమన్ వెస్ట్ రిడ్జ్‌వే డయాస్ బండారనాయకే.

1956 నాటికి ఈ ఇద్దరూ ఇరుగుపొరుగు దేశాల ప్రధానమంత్రులు. ఆ ఏడాది ఒకరి దేశంలో భాషాప్రాతిపదికపై రాష్ట్రాల పునర్విభజన జరిగింది. రెండవవారి దేశంలో ఒకే ఒక భాష అధికార భాషగా చట్టానికెక్కింది. నవంబరు 1న హైదరాబాదులో ఆంధ్రప్రదేశ్ అవతరణ ఉత్సవం జరగడానికి కొద్ది నెలల ముందే, జూన్‌లో, కొలంబో సముద్రతీరంలో సత్యాగ్రహం చేస్తున్న తమిళ నాయకులను అల్లరి మూకలు చితకబాదాయి. రాజధానిలో కూర్చుని పొరుగు దేశాల వ్యవహారాలు రాసే నాకు శ్రీలంక ప్రసక్తి వచ్చినప్పుడల్లా బండారనాయకే విద్యార్థి జీవితం గుర్తుకు వస్తుంది. ఆ ద్వీపం కథను జాఫ్నా నుంచి మొదలుపెట్టేవారున్నారు, కాండీ నుంచి మొదలుపెట్టేవారున్నారు. ఆక్స్‌ఫర్డ్ నుంచి మొదలుపెట్టడంలోనూ కొంత న్యాయం ఉందని నా అభిప్రాయం.

బండారనాయకే 1899 జనవరి 8న కొలంబోలో జన్మించారు. ఆయన పేరులోని వెస్ట్ రిడ్జ్‌వే అప్పటి బ్రిటిష్ గవర్నరు పేరే. పసివాడికి జ్ఞానపిత కూడా ఆ గవర్నరే. తండ్రి మహాముదలియారు. అంటే గవర్నరు కొలువులో స్వదేశీయుడు అందుకోగల అత్యున్నత స్థానం. మన జమీందారీ కుటుంబాలలో దొరల మెప్పును వంశగౌరవంగా భావించినవారిని ఎరిగిన పాఠకులకు హొరగొల్లలోని ఆ భవంతి వాతావరణం ఊహించుకోవడం కష్టం కాదు. కుటుంబం ఆంగ్లికన్ క్రైస్తవం స్వీకరించినది. ఇంట్లో వాడుక ఇంగ్లీషు. సెయింట్ థామస్ కళాశాలలో చదువు ముగించుకున్న కుమారుణ్ణి తండ్రి 1921లో ఆక్స్‌ఫర్డ్‌లోని క్రైస్ట్ చర్చ్ కళాశాలకు పంపారు.

ఆ కళాశాల సామాన్యమైనది కాదు. బ్రిటన్‌కు 13 మంది ప్రధానమంత్రులను ఇచ్చిన సంస్థ అది. మనకు అంతకన్నా దగ్గరి సంబంధం మరొకటి ఉంది. 1800లో నిజాము నుంచి దత్తమండలాలను రాబట్టిన వెలస్లీ, 1853లో బీరారును స్వాధీనం చేసుకున్న డల్హౌసీ, 1857 తిరుగుబాటును ఎదుర్కొన్న కానింగ్, గాంధీజీతో ఒడంబడిక చేసుకున్న ఇర్విన్, అందరూ అక్కడి విద్యార్థులే. తెలుగువారి తలరాతను మార్చిన సంతకాలు చేసిన చేతులు ముందు ఆ భోజనశాలలోనే కత్తీ ఫోర్కూ పట్టాయన్నమాట.

ఆ కళాశాల సంప్రదాయాలలో గంట ఒకటి. టామ్ అనే ఆ పెద్ద గంట ప్రతి రాత్రీ 9 గంటల 5 నిమిషాలకు 101 సార్లు మోగుతుంది; పూర్వం కళాశాలలో ఉన్న విద్యార్థుల సంఖ్య అది. గంట ఆగాక ద్వారాలు మూసేవారు. ఆ అయిదు నిమిషాలకూ ఒక కారణం ఉంది. ఆక్స్‌ఫర్డ్ గ్రీనిచ్‌కు పడమట ఉన్నందువల్ల స్థానిక కాలం అయిదు నిమిషాలు వెనుక. దేశమంతటికీ ఒకే కాలం వచ్చి తరాలు గడిచినా ఆ గంట మాత్రం తన తొమ్మిదికే మోగుతుంది. ఇటువంటి పట్టుదల గల చోట గౌను వేసుకోనిదే భోజనానికి కూర్చోరాదు. గది సర్దడానికి స్కౌట్ అనే సేవకుడు ఉండేవాడు. ఎవరు ఎవరితో తేనీరు తాగుతారో, ఎవరి గదికి ఎవరు వెళతారో అనే విషయాలకు రాయని నిబంధనలు ఉండేవి. ఆ నిబంధనలు ఒకే రకం పాఠశాలల నుంచి వచ్చిన కుర్రవాళ్లకు పుట్టుకతోనే తెలుసు. తూర్పు దేశాల నుంచి వచ్చినవారు దెబ్బలు తిని తెలుసుకోవాలి.

బండారనాయకే తిన్న దెబ్బలు బాహాటమైనవి కావు. ఆక్స్‌ఫర్డ్ జ్ఞాపకాలను ఆయన తర్వాతి కాలంలో సిలోన్ పత్రికలో రాశారు. వాటిలో ఆయన వెళ్లబోసుకున్న బాధ మోటు అవమానం గురించి కాదు. అందరూ మర్యాదగానే మాట్లాడేవారు. నువ్వు ఇక్కడ అక్కరలేదన్న సంగతిని కూడా అంతే మర్యాదగా తెలియజేసేవారు. స్వదేశంలో గవర్నరు ఒడిలో పెరిగిన బిడ్డకు ఈ చలి మరింత కొరికి ఉంటుంది. వారితో సమానుణ్ణి అనిపించుకోవాలంటే ముందు వారికన్నా అధికుణ్ణి కావాలని ఆయన నిశ్చయించుకున్నారు. క్రీడలలో పేరు తెచ్చుకోగలవాడు కాదు. చదువులో కూడా, 1923 నాటి గ్రీకు, లాటిన్ పరీక్షలలో, ద్వితీయ శ్రేణే దక్కింది. మిగిలింది గొంతు ఒక్కటే.

ఆ గొంతుకు తగిన చోటు ఆక్స్‌ఫర్డ్ యూనియన్. 1823లో పుట్టిన ఈ విద్యార్థి సభ నమూనా బ్రిటిష్ పార్లమెంటు. ప్రతి వారం సాయంకాల వేషధారణతో చర్చ. సభ ముందు ఒక తీర్మానం. సమర్థించేవారు ఒక పక్క, వ్యతిరేకించేవారు మరొక పక్క. చివరకు సభ్యులు రెండు ద్వారాల్లో ఒకదానిగుండా బయటికి నడవడమే వోటు. మంత్రులు సైతం ఆహ్వానితులుగా వచ్చి కుర్రవాళ్ల చేత ఎదురుదెబ్బలు తినేవారు. టర్ముకొకసారి ఎన్నికలు. అధ్యక్ష పదవిని అలంకరించినవారికి వెస్ట్‌మినిస్టర్ దారి సగం తెరిచినట్లే. గ్లాడ్‌స్టన్ అలా వచ్చినవాడే. స్త్రీలకు 1963 దాకా అందులో సభ్యత్వం లేకపోవడం ఆనాటి ఉదారవాదులను పెద్దగా బాధించినట్లు లేదు.

ఆ సభ నేర్పే విద్యలో ఒక ప్రమాదం ఉందని నాకు అనిపిస్తుంది. ఈ వారం సమర్థించిన వాదాన్ని వచ్చే నెల ఖండించినా అక్కడ ఎవరూ తప్పు పట్టరు. మాట నేర్పుకే మార్కులు. తీర్మానం నెగ్గినా వీగినా మరునాడు ఎవరి ఇల్లూ కూలదు. ఎదుటి పక్షం వాడితో కలిసి పానీయం సేవించి గదికి పోవచ్చు.

బండారనాయకే ఆ సభలో మెట్టు మెట్టుగా ఎక్కారు. 1923లో కార్యదర్శి, 1924లో జూనియర్ కోశాధికారి. ఇక అధ్యక్ష పదవికి పోటీ చేశారు. ఓడిపోయారు. తమ రంగే తమకు అడ్డు వచ్చిందన్న అనుమానం ఆయనను వదలలేదు. మన ఉపఖండం నుంచి తొలి అధ్యక్షుడు, బొంబాయి పార్సీ యువకుడు డి.ఎఫ్. కరాకా, ఎన్నిక కావడానికి 1934 దాకా ఆగవలసి వచ్చిందంటే ఆ అనుమానం నిరాధారం అనలేము. అదే కళాశాలలో ఆంథోనీ ఈడెన్ ఆయనకు సమకాలికుడు. పారశీకం, అరబ్బీ చదివి ప్రథమ శ్రేణి సాధించిన ఈడెన్‌కు యూనియన్ మీద ఆసక్తి తక్కువ. 1956 ఆగస్టులో లండన్‌లో సూయెజ్ కాలువపై జరిగిన సమావేశంలో ఈడెన్ పక్షాన్ని కాదని కృష్ణమీనన్ ప్రతిపాదనను బలపరిచిన కొద్ది దేశాలలో బండారనాయకే ప్రభుత్వం ఒకటి. మరుసటి ఏడు త్రికోణమలై నౌకా స్థావరాన్నీ, కటునాయకే వైమానిక స్థావరాన్నీ బ్రిటిష్ వారి నుంచి ఆయన తిరిగి రాబట్టారు.

1925లో బారిస్టరై స్వదేశం చేరిన వక్తకు స్వభాషలో ధారాళంగా ప్రసంగించే శక్తి లేదు. దాన్ని ఆయన పెద్దవాడై పట్టుబట్టి నేర్చుకున్నారు. సూటు వదిలి జాతీయ వస్త్రధారణ స్వీకరించారు, బౌద్ధం స్వీకరించారు. ఇదంతా వోట్ల కోసమేనన్నవారు లేకపోలేదు. ఆక్స్‌ఫర్డ్‌లో తలుపులు మూసుకుపోయినవాడు తన ఇంటి తలుపు వెతుక్కోవడంలో కపటం ఉందని నేను అనుకోను. అయితే గమనించవలసిన విషయం ఒకటుంది. 1926లో ఈ యువకుడు సిలోన్‌కు ఏకకేంద్ర ప్రభుత్వం పనికిరాదనీ, మైదాన ప్రాంత సింహళీయులు, కాండీ సింహళీయులు, తమిళులు కలిసి బతకాలంటే ఫెడరల్ వ్యవస్థే శరణ్యమనీ వ్యాసాలు రాశారు; జాఫ్నా వెళ్లి ఉపన్యసించారు. అప్పటికి తమిళ నాయకులే అంత దూరం ఆలోచించలేదు.

ఆ తర్వాతి పాతికేళ్లు రాజకీయ నిచ్చెన ఎక్కడంలో గడిచాయి. 1931లో స్టేట్ కౌన్సిల్, 1936లో మంత్రి పదవి, సింహళ మహాసభ స్థాపన, స్వాతంత్ర్యానంతరం సేనానాయకే మంత్రివర్గం, 1951లో రాజీనామా, శ్రీలంక ఫ్రీడమ్ పార్టీ. సింహళంతోపాటు తమిళాన్ని కూడా అధికార భాషగా గుర్తించాలన్న సవరణ 1944లో వచ్చినప్పుడు ఆయన అభ్యంతరం చెప్పలేదు. పన్నెండేళ్లకు, సింహళం ఒక్కటే అధికార భాష కావాలనీ, తమకు అధికారమిస్తే 24 గంటలలో చేసి చూపిస్తామనీ ఊరూరా చాటి, 95 స్థానాలలో 51 గెలుచుకున్నారు.

ఆయన వెనుక నిలిచినవారి ఆవేదనలో న్యాయం లేకపోలేదు. కోర్టు తీర్పు, పోలీసు ఫిర్యాదు, తంతి సందేశం, అన్నీ పదిమందిలో ఒకరికైనా రాని ఇంగ్లీషులోనే ఉన్న దేశమది. గ్రామ ఉపాధ్యాయుడు, ఆయుర్వేద వైద్యుడు, భిక్షువు, రైతు తొలిసారి ఇది మా ప్రభుత్వం అనుకున్నారు. మన ఆంధ్రోద్యమానికి బలమిచ్చినదీ ఇటువంటి ఆవేదనే. నెహ్రూ భాషా రాష్ట్రాలను ఇష్టపడి ఇచ్చినవారు కారు. పొట్టి శ్రీరాములు ప్రాణాలు పోయాక గాని ఆయన కదలలేదు. కాని ఇచ్చినప్పుడు తెలుగుకు ఇచ్చినది తమిళం నుంచి లాక్కుని ఇవ్వలేదు. కొలంబోలో ఇంగ్లీషును దింపిన పీఠంపై ఒక్కరికే చోటు దొరికింది.

తాము చేసినదేమిటో బండారనాయకే త్వరలోనే గ్రహించారు. 1957 జూలై 26న తమిళ నాయకుడు చెల్వనాయకంతో ఒడంబడిక కుదుర్చుకున్నారు. తమిళానికి జాతీయ అల్పసంఖ్యాకుల భాషగా గుర్తింపు, ప్రాంతీయ మండళ్లకు అధికారాలు అందులోని ముఖ్యాంశాలు. 1926 నాటి యువకుడు మళ్లీ మేల్కొన్నాడని చెప్పవచ్చు. ప్రతిపక్షంలో ఉన్న జె.ఆర్. జయవర్ధనే దానికి నిరసనగా కాండీకి పాదయాత్ర సాగించారు. 1958 ఏప్రిల్ 9న భిక్షువులు రోజ్‌మీడ్ ప్లేస్‌లోని ప్రధాని ఇంటి ముందు బైఠాయించారు. ఒడంబడిక రద్దయినట్లు రాతపూర్వకంగా ఇచ్చేదాకా వారు కదలలేదు. ఆయన ఇచ్చేశారు. రెండు నెలలు గడవకముందే దేశంలో మారణకాండ. తమిళులను ఓడలలో ఉత్తరాదికి తరలించవలసి వచ్చింది. అంతటి వక్తకు ఆ ఏప్రిల్ రోజున ఇంటి గుమ్మంలో నిలబడి ఆ భిక్షువులకు నచ్చజెప్పే మాట దొరకలేదు. ఆయన జీవితంలో నన్ను అన్నిటికంటే కలచివేసే ఘట్టం ఇది. హత్య కూడా కాదు.

హత్య 1959 సెప్టెంబరు 25 ఉదయం అదే ఇంట్లో జరిగింది. సందర్శకుల మధ్య ఉన్న తాల్దువే సోమారామ అనే భిక్షువుకు ప్రధాని వంగి నమస్కరించబోతుండగా అతను కాషాయంలో దాచిన పిస్తోలుతో కాల్చాడు. కుట్రకు సూత్రధారి కేలనియ ఆలయ ప్రధాన భిక్షువు బుద్ధరక్కిత. 1956 విజయానికి ఎంతో పాటుపడినవాడే అతను. హంతకుని పట్ల పగ వద్దని కోరి బండారనాయకే మరునాడు కన్ను మూశారు. ఉరిశిక్షను 1958లో నిలిపివేసిన ప్రభుత్వం ఆయనదే. ఆయన హత్యానంతరం దాన్ని తిరిగి తెచ్చారు. క్రైస్తవుడిగా పుట్టి బౌద్ధుడైన ప్రధానిని చంపిన ఆ భిక్షువు 1962లో ఉరికంబం ఎక్కే ముందు క్రైస్తవం పుచ్చుకున్నాడు. భార్య సిరిమావో 1960లో ప్రపంచంలోనే తొలి మహిళా ప్రధాని అయ్యారు. ఒడంబడికపై యాత్ర చేసిన జయవర్ధనే, ముప్ఫై ఏళ్లకు, 1987లో, రాజీవ్ గాంధీతో ఒప్పందం చేసుకుని రాష్ట్ర మండళ్లకు అంగీకరించారు. తమిళం కూడా అధికార భాష అయింది. అప్పటికి ఆ ద్వీపంలో తుపాకులే మాట్లాడుతున్నాయి. మన సైనికులు వెయ్యిమందికి పైగా అక్కడ నేలకొరిగారు.

బండారనాయకేకు అందని యూనియన్ అధ్యక్ష పీఠం తర్వాత ఆయన దేశస్థులకు అందింది. 1958లో సింహళీయుడు లలిత్ అతులత్ ముదలి, 1959లో జాఫ్నా తమిళుడు లక్ష్మణ్ కదిర్‌గామర్ దాన్ని అధిష్ఠించారు. జాతీయ భద్రతా మంత్రిగా పనిచేసిన అతులత్ ముదలిని 1993 ఏప్రిల్‌లో ఎన్నికల సభలో కాల్చి చంపారు. పాకిస్తాన్ నుంచి వెళ్లి 1977లో అదే పీఠం ఎక్కిన బేనజీర్ 2007లో ఎలా మరణించారో తెలిసినదే. కదిర్‌గామర్ చిత్రపటాన్ని 2005 మార్చిలో యూనియన్ భవనంలో ఆవిష్కరించారు. అదే ఏడాది ఆగస్టు 12 రాత్రి, విదేశాంగ మంత్రిగా ఉన్న ఆయనను కొలంబోలోని సొంత ఇంట, ఈతకొలను నుంచి బయటికి వస్తుండగా, పక్క ఇంటి నుంచి గురిచూసి కాల్చారు. ఆనాటి దేశాధ్యక్షురాలు బండారనాయకే కుమార్తె చంద్రిక.