అళియ రామరాయలు - రెండు నదులు

విజయనగర చరిత్ర వ్రాయువారు ఏనుగులను, గుఱ్ఱములను, ఫిరంగులను లెక్కింతురు గాని నదులను లెక్కింపరు. అళియ రామరాయల జీవితమున సీనా, కృష్ణ అను రెండు నదులు అడ్డువచ్చినవి.

రామరాయలు ఆరవీటి వంశమువాడు. యౌవనమున కొంతకాలము గోలకొండ సుల్తాను కొలువులో నుండి, అచట ఆదరము తప్పగా విజయనగరము చేరెనని గోలకొండ చరిత్రకారు డొకడు వ్రాసినాడు. శ్రీకృష్ణదేవరాయలు తన కూతు నిచ్చి పెండ్లిచేసెను. కన్నడమున అళియ యనగా అల్లుడు; ఆ మాటయే ఆయన పేరిలో నిలిచిపోయినది. 1542లో అచ్యుతరాయలు గతించిన పిమ్మట, సలకరాజు తిరుమలుని తొలగించి, సదాశివరాయలను సింహాసన మెక్కించి, రాజ్యభారమంతయు తానే వహించెను.

తరువాతి ఇరువదియేండ్లు దక్కను సుల్తానులను ఒకరిపై నొకరిని పురికొల్పుటలో గడచెను. మన కవుల మల్కిభరాముడు, ఇబ్రహీం కుతుబ్ షా, రాజ్యమునకు రాకమునుపు ఏడేండ్లు ఈయన యండనే తలదాచుకొనెను.

1560 దాటిన పిదప అహమ్మదునగరమును ముట్టడించినపుడు రాయలసేన సీనానది యొడ్డున విడిసియుండెను. ఒకరాత్రి కుంభవృష్టికి నది పొంగి శిబిరముపై బడెను. ఏనుగులు, గుఱ్ఱములు, నిదురించు భటులు కొట్టుకొనిపోయిరి. ముట్టడి విడువవలసి వచ్చెను. వానకాలమున దుర్గువద్ద శివనాథ్ నదిని చూచిన మన రిసాలివారికి ఇది ఊహించుట కష్టము గాదు.

ఈ విద్యను మనుష్యులును ప్రయోగించిరి. కొరియాలో 1018లో కాంగ్ గామ్‌చాన్ అను సేనాని ఎద్దుతోళ్ళను మోకులతో కూర్చి వాగునకు అడ్డుకట్టి, ఖిటాను సేన వచ్చినవేళ నీరు విడిచెను. అంతకు నాలుగువందల యేండ్లకు ముందు, 612లో, ఉల్చి ముందొక్ సాల్సు నది దాటుచున్న చీనాసేనను నడుమ పట్టి నాశముచేసెను. రామరాయలకు కృష్ణవద్ద దొరికినది ఇట్టి యవకాశమే.

1564 చివర నలుగురు సుల్తానులు ఏకమై తల్లికోట వద్ద చేరిరి. రామరాయలు తమ్ములను, తిరుమలరాయలను, వేంకటాద్రిని ముందుగా పంపెను. సులువుగ దాటదగిన రేవున మట్టికట్టలు వేసి, ఫిరంగులు నిలిపిరి. ఏర్పాటు మంచిదే. అంతట సుల్తానులు మఱియొక రేవు వెదకుచున్నట్లు ఒడ్డువెంట కొన్నిదినములు నడచిరి. ఆవలి యొడ్డున విజయనగరసేనయు వారితో సాగెను. ఒక రాత్రి శత్రువులు వేగముగ వెనుదిరిగి, కావలి లేని రేవు దాటిరి.

ఓటమికి ద్రోహమే కారణమని చెప్పుట మనకు వాడుక. రెండేండ్ల తరువాత వచ్చిన వెనీసు వర్తకుడు సీజరు ఫ్రెడరిక్కును అట్లే వ్రాసినాడు. కావచ్చును. ఐనను, రేవువద్ద కొంతబల మైనను ఉంచక కదలిపోవుటతోనే సగము యుద్ధము పోయినదని నా యభిప్రాయము. కృష్ణను దాటనిచ్చిన పిదప మిగిలినది బయలుపోరు మాత్రమే.

అది 1565 జనవరి 23వ తేదీన జరిగెను. తల్లికోట అచటికి దూరమే. తీరమునందలి పల్లెల పేరిట రక్కసి తంగడి యుద్ధమనుటయే ఉచితము. వృద్ధుడైన రామరాయలు పల్లకినుండి సేనను నడపుచు శత్రువులకు చిక్కెను. హుసేన్ నిజాంషా ఆయన శిరస్సు ఖండింపించి బల్లెమున కెత్తించి చూపగా, సేన చెదరిపోయెను. తిరుమలరాయలు సదాశివరాయలను వెంటగొని, కోశమును ఏనుగులపై నెక్కించి, పెనుగొండకు తరలెను.