మంచుమీద రాయిని నడిపిన ఉద్యోగిని – సాండ్రా ష్మిర్లర్



ప్రత్యేక సంచికకు ఎవరైనా ప్రముఖుల జీవితచరిత్ర వ్రాసి ఇవ్వవలసిందిగా మన కార్యదర్శిగారు కోరారు. గాంధీగారు, ప్రకాశం పంతులుగారు, దుర్గాబాయమ్మగారు మొదలైన వారందరి గురించి మన సంచికలలో ఇదివరకే పెద్దలు వ్రాసి ఉన్నారు. వారిమీద నేను కొత్తగా చెప్పగలిగింది లేదు. అందువల్ల కొంచెం దారి మళ్ళి, మనలో బహుశా ఎవరూ పేరు విని ఉండని ఒక క్రీడాకారిణిని పరిచయం చేస్తున్నాను. ఆమె కెనడా దేశస్థురాలు. పేరు సాండ్రా ష్మిర్లర్. ఉద్యోగం చేసుకుంటూ ఆడి ప్రపంచాన్ని గెలిచిన మనిషి కనుక ఉద్యోగుల పత్రికలో ఆమెకు చోటు ఉండాలని నా అభిప్రాయం.

ఈమె గురించి నాకు తెలిసిన విధం చెబుతాను. 2012లో మా అమ్మాయి దగ్గర నాలుగు నెలలు ఉండి వద్దామని నేనూ, మా ఆవిడా కెనడాలోని సస్కాచెవాన్ రాష్ట్ర రాజధానికి వెళ్ళాము. ఆ ఊరి పేరును నేను అక్షరాలను బట్టి రెజీనా అంటే, మా మనవడు పకపకా నవ్వి రిజైనా అనాలని దిద్దాడు. వాణ్ణి ఈతకు తీసుకువెళ్ళే నగరపాలక సంస్థవారి వ్యాయామ కేంద్రం మీద ఈమె పేరు ఉంది. మన అలవాటు ప్రకారం ఏ మేయరమ్మో, మంత్రిగారి భార్యో అయి ఉంటుందనుకున్నాను. తీరా విచారిస్తే, ఆమె ఆ ఊళ్ళో అటువంటి కేంద్రాలలోనే సూపర్‌వైజరుగా పనిచేసిన ఉద్యోగిని అని తెలిసింది. నా ముప్పై అయిదేళ్ళ సర్వీసులో ఒక ఉద్యోగి పేరు కనీసం రికార్డు రూములో బీరువాకైనా పెట్టగా నేను చూడలేదు. ఆ ఆశ్చర్యంతోనే ఈమె సంగతులు సేకరించడం మొదలుపెట్టాను.

ఈమె ఆడిన ఆట పేరు కర్లింగ్. ఇది స్కాట్లాండులో పుట్టింది. మనకు దగ్గరగా చెప్పాలంటే ఇది మంచుమీద ఆడే క్యారమ్స్ వంటిది. కాకపోతే బల్ల పొడవు సుమారు 45 మీటర్లు, కాయ బరువు ఇంచుమించు 20 కిలోలు. కాయ అంటే నునుపుగా చెక్కి పైన పిడి బిగించిన గ్రానైట్ రాయి. జట్టుకు నలుగురు. ఒక్కొక్కరు రెండేసి రాళ్ళు వదులుతారు. ఆవలి కొసన మంచులో గీసిన 12 అడుగుల వలయం మధ్యకు ఎవరి రాయి దగ్గరగా నిలిస్తే వారికి లెక్క. అడ్డంగా ఉన్న ఎదుటివారి రాయిని కొట్టి తప్పించవచ్చు, మన రాయికి మనమే కాపలా రాయి పెట్టుకోవచ్చు. రెండు వైపులవారూ ఎనిమిదేసి రాళ్ళు వదలడం అయితే ఒక ఎండ్ పూర్తి. పెద్ద పోటీలలో ఇటువంటివి పది ఆడతారు.

ఇందులో విచిత్రం ఏమిటంటే, రాయి జారిపోతూ ఉండగా దాని ముందు ఇద్దరు బ్రష్షులతో మంచును తోముతూ పరుగెత్తుతారు. మొదటిసారి టీవీలో చూసి మా ఆవిడ ఇది ఆటా, సంక్రాంతికి ముందు ఇల్లు దులపడమా అని అడిగింది. తోమితే మంచు పైపొర కొద్దిగా వేడెక్కి ఒరిపిడి తగ్గి రాయి మరికొంత దూరం పోతుంది, వంపు కూడా తగ్గుతుంది. ఎంత తోమాలో, ఎప్పుడు ఆపాలో కేకవేసి చెప్పేది జట్టు నాయకురాలు. ఆమెను స్కిప్ అంటారు. సాధారణంగా చివరి రెండు రాళ్ళూ ఆమెవే. అంటే మొదటి ముగ్గురు చేసిన మంచీ చెడ్డా అంతా చివరకు ఆమె చేతిమీదకు వస్తుంది. సాండ్రా స్కిప్.

ఆమె 1963 జూన్ 11న జన్మించింది. పెరిగింది సస్కాచెవాన్‌లోనే బిగ్గర్ అనే చిన్న ఊళ్ళో. చుట్టూ గోధుమ పొలాలు, ఆరు నెలలు చలి. అటువంటి ఊళ్ళలో మనకు రామాలయం ఎలాగో వారికి కర్లింగ్ శాల అలాగ. చలికాలం సాయంత్రాలు ఊరంతా అక్కడే చేరుతుంది. స్కూలు రోజుల్లోనే ఆమె ఆటలో పేరు తెచ్చుకుంది. తరువాత సస్కాటూన్ నగరంలోని విశ్వవిద్యాలయంలో వ్యాయామ విద్యలో పట్టా పుచ్చుకుని, ఉద్యోగరీత్యా రిజైనా చేరింది.

మొదట వేరొకరి నాయకత్వంలో ఆడి, 1990 ప్రాంతంలో తానే జట్టు కట్టింది. జాన్ బెట్కర్, జోన్ మెక్‌కస్కర్, మార్సియా గుడెరైట్ – ఈ ముగ్గురే చివరిదాకా ఆమెతో నిలిచారు. అందరూ ఉద్యోగాలు చేసుకునేవారే. పగలు పని, సాయంత్రం కాలెడోనియన్ క్లబ్బులో సాధన. జీతం మీద బ్రతికే వాళ్ళు ప్రపంచ పోటీలకు తయారు కావడం ఎంత కష్టమో, సెలవు చీటీ పట్టుకుని ఆఫీసరు గది బయట నిలబడిన మనకు వేరే చెప్పనక్కరలేదు.

1993లో ఈ జట్టు కెనడా జాతీయ పోటీ గెలిచి, జెనీవాలో ప్రపంచ ఛాంపియన్ అయింది. 1994లో మళ్ళీ జాతీయ పోటీ, జర్మనీలోని ఓబర్‌స్ట్‌డోర్ఫ్‌లో మళ్ళీ ప్రపంచ పోటీ. ఇక్కడ ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షను వాడిగా నాకొక చిక్కు ఎదురైంది. ఆ రెండేళ్ళ రికార్డులలో సాండ్రా ష్మిర్లర్ కనపడదు, సాండ్రా పీటర్‌సన్ ఉంటుంది. అది మొదటి పెళ్ళి తాలూకు పేరు. ఆ వివాహం నిలవలేదు. తరువాత పుట్టింటి పేరుతోనే ఆడింది. మన సర్వీసు రిజిస్టరులో అయితే దీనికి గెజిట్ నోటిఫికేషను, అఫిడవిటు వగైరా కాగితాలు ఎన్ని జతపరచవలసి వచ్చేదో.

1995, 1996 సంవత్సరాలలో జాతీయ కిరీటం దక్కలేదు. పైకి వెళ్ళిన జట్లు ఇటువంటి సమయంలోనే విడిపోతాయి. ఒకరిమీద ఒకరు నేరం పెట్టుకుని కొత్త మనుషులను వెతుక్కుంటారు. ఈ నలుగురూ ఆ పని చేయలేదు. 1997లో తిరిగి జాతీయ పోటీ గెలిచి, స్విట్జర్లాండులోని బెర్న్‌లో మూడవసారి ప్రపంచ ఛాంపియన్లు అయ్యారు. మూడుసార్లూ అదే నలుగురు. నాకు పతకాల సంఖ్య కంటె ఇదే గొప్పగా తోచింది.

ఆ సమయానికి సాండ్రాకు రెండవ వివాహం అయింది. 1997 సెప్టెంబరులో మొదటి కుమార్తె పుట్టింది. ఒలింపిక్స్‌కు కెనడా జట్టును ఎంపికచేసే పోటీలు నవంబరులో బ్రాండన్ పట్టణంలో. అంటే పురుడు పోసుకుని రెండు నెలలు. మన ఇళ్ళలో అప్పటికి బాలింతను గడప దాటనివ్వరు. ఆమె ఇరవై కిలోల రాయి పట్టుకుని మంచుమీద ఒంటికాలిమీద వంగి జారుతున్నది.

ఆ పోటీ ఫైనల్లో ఎదుట షానన్ క్లీబ్రింక్ జట్టు. ఏడవ ఎండ్‌లో సాండ్రా వేసిన ఒక రాయి గురించి అక్కడివారు ఈనాటికీ చెప్పుకుంటారు. లోపల ఎదుటివారి రాయి ఉంది, నేరుగా దారి లేదు. ఆమె తన రాయిని రెండు రాళ్ళ సందులోంచి పోనిచ్చి, పక్కనున్న రాయి అంచుకు తగిలించి, అక్కడినుంచి లోపలికి మళ్ళించి ఎదుటివారి రాయిని తొలగించింది. మూడు పాయింట్లు వచ్చాయి. క్యారమ్స్‌లో కట్ కొట్టి రెడ్డు వేసినవారికి ఆ ఆనందం తెలుస్తుంది. ఆట 9–6తో గెలిచి జపాన్ ప్రయాణమయ్యారు.

1998 నాగానో ఒలింపిక్స్‌లో కర్లింగ్ పోటీలు కరుయిజావా అనే ఊళ్ళో జరిగాయి. స్త్రీల కర్లింగ్‌కు ఒలింపిక్ పతకం ఇవ్వడం అదే మొదలు. కెనడా ఏడు ఆటలలో ఆరు గెలిచి సెమీ ఫైనల్‌కు వచ్చింది. అక్కడ బ్రిటన్‌తో పది ఎండ్‌లు అయ్యేసరికి సమానం. అదనపు ఎండ్‌లో 6–5తో బయటపడ్డారు. ఫైనల్లో డెన్మార్క్ మీద మొదటి ఎండ్‌లోనే మూడు పాయింట్లు తీసి, 7–5తో స్వర్ణం గెలిచారు. శీతాకాల ఒలింపిక్స్‌లో డెన్మార్క్‌కు ఆ రజతమే మొట్టమొదటి పతకం అట, కనుక ఓడినవారికీ అది పండుగే అయి ఉండాలి.

ఇంటికి చేరిన కొద్దిరోజులకే సొంత ఊళ్ళో జాతీయ పోటీలు ఆడవలసి వచ్చింది. అందులో గెలవలేకపోయారు. ప్రయాణపు అలసట తీరనే లేదు పాపం.

1999 జూన్‌లో రెండవ కుమార్తె పుట్టింది. కాన్పు ముందునుంచీ నడుము నొప్పి, తిన్నది సరిపడకపోవడం ఉన్నాయి. కాన్పుతో పోతాయని అనుకున్న బాధలు పోలేదు. పరీక్షలు చేయగా గుండె వెనుక గడ్డ ఉన్నదని, అది క్యాన్సరు అని తేలింది. శస్త్రచికిత్స, మందులు, రేడియేషన్ అన్నీ జరిగాయి. చేతిలో పసిపిల్ల, కాళ్ళ దగ్గర రెండేళ్ళ పిల్ల. నేను ఆసుపత్రి బెంచీలమీద మా పెద్దక్కయ్య కోసం కూర్చున్న రోజులు గుర్తుకు వచ్చి ఈ భాగం వ్రాయడానికి రెండు రోజులు పట్టింది.

2000 ఫిబ్రవరిలో మాంక్టన్ నగరంలో జూనియర్ల జాతీయ పోటీలకు టీవీ వ్యాఖ్యాతగా వెళ్ళింది. జుట్టు ఊడిన తలతో, సన్నబడిన ముఖంతో పత్రికలవారి ముందు కూర్చుని, తన కోరికలు ఏమిటో చెప్పింది. కుటుంబాన్ని చూసుకోవడం, భర్తతోపాటు ముసలిదై బ్రతకడం, ఎక్కడికైనా ఎండ కాసే చోటికి సెలవులు గడపడానికి పోవడం. కర్లింగ్ ఆ జాబితాలోకి రాలేదని తానే చెప్పింది. ముప్పై ఆరేళ్ళ మనిషి ముసలితనాన్ని వరంగా కోరుకుంది. మోకాళ్ళ నొప్పులని, షుగరని మనం రోజూ సణుగుకునే ముసలితనమే అది.

2000 మార్చి 2న ఆమె మరణించింది. అంత్యక్రియలను కెనడా టీవీలో దేశమంతటా ప్రత్యక్షంగా చూపించారు. అదే సమయంలో సస్కాటూన్‌లో పురుషుల జాతీయ కర్లింగ్ పోటీలు జరుగుతున్నాయి. ఆ వేళకు ఆటలు వాయిదా వేసి, అక్కడ చేరిన జనం అంత్యక్రియలు చూడడానికి వీలు కల్పించారు.

తరువాత ఆమె పేరున ఒక ఫౌండేషను 2001లో ఏర్పడింది. నెలలు నిండకుండానో, జబ్బుతోనో పుట్టిన పసికందుల వార్డులకు కావలసిన పరికరాల కోసం అది నిధులు సేకరిస్తుంది. ఇద్దరు పసిపిల్లలను విడిచి వెళ్ళిన తల్లి పేరున ఇది ఎవరికి తోచిందో గాని బాగా తోచింది. స్త్రీల జాతీయ పోటీలలో ఉత్తమ క్రీడాకారిణికి ఇచ్చే బహుమతికి కూడా ఆమె పేరే. బిగ్గర్‌లో ఒక పార్కు ఉన్నది.

తిరుగు ప్రయాణానికి ముందురోజు మనవడితో మళ్ళీ ఆ వ్యాయామ కేంద్రానికి వెళ్ళాను. వాడు ఈత కొడుతున్నంతసేపూ కౌంటరు దగ్గర ఒక ఉద్యోగిని టికెట్లు చింపి ఇస్తూ, మధ్యమధ్య ఫోను ఎత్తి మాట్లాడుతూ, తడి కాళ్ళతో పరుగెత్తే పిల్లలను ఆపుతూ కనిపించింది.