చూడని భారతాన్ని ఆడి చూపిన రూత్ సెయింట్ డెనిస్

నాట్యం అనగానే మనకు కూచిపూడి, భరతనాట్యం గుర్తుకు వస్తాయి. పాశ్చాత్యులకు బాలే గుర్తుకు వస్తుంది. ఇవి కాక ఇరవయ్యో శతాబ్దంలో అమెరికాలో బలపడి ప్రపంచమంతటా వ్యాపించిన పద్ధతి మరొకటి ఉంది. దానిని మోడర్న్ డాన్స్ అంటారు. మనవారు ఆధునిక నృత్యం అంటున్నారు. లోయీ ఫుల్లర్, ఇసడోరా డంకన్‌లతో పాటు ఆ నృత్యానికి పునాది వేసిన స్త్రీ రూత్ సెయింట్ డెనిస్. ఆ పునాదిలో మన దేశం పేరు, మన రాధ పేరు ఉన్నాయన్న సంగతి మన కుటుంబాలలో చాలామందికి తెలియదు. దేశం కాని దేశంలో పుట్టి పెరుగుతూ, తాతముత్తాతల దేశాన్ని పాటల్లోను, ఆటల్లోను తెలుసుకుంటున్న మన పిల్లలకు ఆమె కథ ప్రత్యేకంగా తెలియవలసినది.

రూత్ 1879 జనవరి 20న న్యూజెర్సీ రాష్ట్రంలోని న్యూఆర్క్‌లో జన్మించింది. అసలు పేరు రూత్ డెన్నిస్. తల్లి వైద్యశాస్త్రం చదివిన విదుషీమణి. ఆ రోజుల్లో అమెరికాలోనూ స్త్రీలు వైద్యం చదవడం అరుదే. అయితే అనారోగ్యం వల్ల ఆమె వృత్తి సాగలేదు. తండ్రి కొత్త యంత్రాలు కనిపెట్టాలని తాపత్రయపడే మనిషి. ఇంట్లో కలలకు లోటు లేదు గాని, డబ్బుకు ఎప్పుడూ లోటే. తల్లికి దైవభక్తి మెండు. ఫ్రాన్సు దేశపు ఆచార్యుడు డెల్సార్ట్ చెప్పిన వ్యాయామాలు కూతురికి ఆమే నేర్పింది. మనసులో కలిగే ప్రతి భావానికీ శరీరంలో దానికి తగిన కదలిక ఒకటి ఉంటుందన్నది ఆ పద్ధతికి మూలం. సాత్త్వికాభినయం ఎరిగిన మనకు ఇది కొత్తగా తోచదు.

ఇల్లు గడవడానికి రూత్ పదిహేనో ఏట, 1894లో, న్యూయార్క్‌లో రంగస్థలమెక్కింది. అక్కడ పది సెంట్లకు చూపించే వింతల ప్రదర్శనశాలలు ఉండేవి. అలాంటి చోట రోజుకు ఎన్నోసార్లు లంగా కుచ్చెళ్లు ఎగరేస్తూ ఆడే ఆట ఆమెది. ఆ కాలంలో నర్తకి అంటే అమెరికా పెద్దమనుషుల ఇళ్లలో గౌరవం లేదు. చూడడానికి వెళ్లేవారే బయటికి వచ్చి ముక్కు చిట్లించేవారు. తరువాత డేవిడ్ బెలాస్కో అనే పేరుమోసిన నాటక ప్రయోక్త ఆమెను తన బృందంలో చేర్చుకున్నాడు. ఆమె నిష్ఠ చూసి పేరు ముందు ‘సెయింట్’ తగిలించినవాడు కూడా ఆయనే.

1904లో బృందంతో బఫెలో నగరానికి వెళ్లినప్పుడు ఒక మందుల దుకాణంలో సిగరెట్ల ప్రకటన బొమ్మ ఆమె కంటపడింది. ‘ఈజిప్షియన్ డీటీస్’ అనే ఆ సిగరెట్ల బొమ్మలో ఈజిప్టు దేవత ఐసిస్ నిశ్చలంగా కూర్చుని ఉంది. ఆ కూర్చున్న తీరులోని గాంభీర్యం ఆమెను పట్టుకుని వదలలేదు. దేవతను ఆడి చూపాలన్న కోరిక పుట్టింది. కొంతకాలానికి న్యూయార్క్ దగ్గరి కోనీ ఐలండ్‌లో, తిరునాళ్లను తలపించే వినోదశాలల మధ్య, భారతదేశం పేరుతో పెట్టిన ప్రదర్శనను చూసింది. అక్కడ పాములవాళ్లు, నాచ్ ఆడే స్త్రీలు ఉన్నారు. అంతటితో ఆమె మనసు ఈజిప్టు నుంచి భారతదేశానికి మళ్లింది. గ్రంథాలయాలలో దొరికిన పుస్తకాలు చదివింది, బొమ్మలు చూసింది. నేర్పే గురువు లేడు. వెళ్లి చూసే స్తోమతు లేదు.

అలా తయారైనదే ‘రాధ’. 1906 జనవరిలో న్యూయార్క్ థియేటర్‌లోను, మార్చిలో హడ్సన్ థియేటర్‌లోను ప్రదర్శించారు. తెర లేచేసరికి గుడిలో విగ్రహంలా రాధ కూర్చుని ఉంటుంది. పూజారుల ఆరాధనకు విగ్రహంలో ప్రాణం కదులుతుంది. చూపు, వినికిడి, వాసన, రుచి, స్పర్శ అనే అయిదు ఇంద్రియాల సుఖాలను వరుసగా ఆడుతుంది. చివరికి అన్నిటినీ విడిచి మళ్లీ నిశ్చల సమాధిలోకి వెళుతుంది. బిగుతు జోళ్లు, నడుమును నొక్కే కట్లు లేకుండా, ఒట్టి పాదాలతో ఒక స్త్రీ ఒక్కతే రంగస్థలాన్ని నింపడం, అందులోనూ ఆధ్యాత్మిక విషయంతో నింపడం, అక్కడి వారికి కొత్త. ‘ధూపం’, ‘నాగులు’ అనే నృత్యాలు కూడా అప్పుడే ఆడింది. ‘ధూపం’లో చేతుల కదలికతోనే పొగ లేచినట్టు చూపేది.

మన కళ్లతో చూస్తే ఈ ‘రాధ’లో తప్పులు కొల్లలు. జయదేవుని అష్టపదులు విన్న ఏ తెలుగువారికైనా రాధ అంటే కృష్ణుని కోసం వేగిపోయే నాయిక. గుడిలో ఒంటరిగా వెలసిన దేవత కాదు. పైగా ఆ గుడి జైనుల గుడి. సంగీతం ఫ్రెంచి స్వరకర్త డెలిబ్ రాసిన ‘లాక్మే’ అనే సంగీత నాటకంలోనిది. తాళం మనది కాదు, ముద్రలు మనవి కావు. అక్కడున్న భారతీయులు కొందరు పూజారుల వేషాలు వేసుకుని ఆమె చుట్టూ కూర్చున్నారు. పొట్ట చేతపట్టుకుని ఎక్కడెక్కడి నుంచో వచ్చిన వారి పేర్లు చరిత్రలో నిలవలేదు. ఓడలెక్కి వచ్చిన మన పూర్వీకులను తలచుకునే మనం వారినీ ఒకసారి తలచుకోవాలి.

అదే కాలంలో మన నేల మీద జరిగిన సంగతి మరొకటి ఉంది. రూత్ కంటే కొద్ది నెలల ముందు పుట్టిన బెంగుళూరు నాగరత్నమ్మ, తంజావూరు నాయిక ముద్దుపళని రచించిన ‘రాధికా సాంత్వనం’ అనే తెలుగు కావ్యాన్ని 1910లో పరిష్కరించి అచ్చు వేయించింది. అశ్లీలమని 1911లో ప్రభుత్వం ఆ పుస్తకాన్ని నిషేధించింది. ఆంధ్రకేసరి ప్రకాశం పంతులుగారు మద్రాసు రాష్ట్ర ప్రధాని అయ్యాక గాని ఆ నిషేధం తొలగలేదు. 1890ల నుంచే మద్రాసు రాజధానిలో నాచ్ వ్యతిరేకోద్యమం సాగుతోంది. భోగం మేళాలను సంఘ సంస్కర్తలు ఖండిస్తున్నారు. అంటే, న్యూయార్క్‌లో ఊహలోని రాధకు చప్పట్లు మోగుతున్న రోజుల్లో, తరతరాలుగా రాధను పాడి ఆడిన స్త్రీలకు సొంత ఊళ్లో నిలువనీడ కరవవుతున్నది.

అమెరికాలోని సంగతి కూడా అలాగే ఉంది. రంగస్థలం మీద భారతదేశానికి మోగిన చప్పట్లు రేవులో దిగిన భారతీయులకు మోగలేదు. 1917 చట్టం మనవారి రాకను ఆపింది. భగత్‌సింగ్ థిండ్ వ్యాజ్యంలో 1923లో అక్కడి సుప్రీంకోర్టు, భారతీయులకు పౌరసత్వపు అర్హత లేదని తీర్పు ఇచ్చింది. 1946లో ఏడాదికి వందమందికి తలుపు కొద్దిగా తెరిచారు. 1965 చట్టంతో గాని పూర్తిగా తెరవలేదు. ఈ తీర్పులు రూత్ చేసినవి కావు. అయినా ఆమె కళ ఆ గాలిలోనే వికసించిందని మరువరాదు.

1906 నుంచి 1909 వరకు ఆమె ఐరోపాలో ఆడింది. బెర్లిన్, వియన్నాలలో కవులూ పండితులూ ఆదరించారు. తిరిగి వచ్చాక, 1911లో, సూఫీ గురువుగా తరువాత ప్రసిద్ధికెక్కిన ఇనాయత్ ఖాన్, ఆయన సోదరులు ఆమె బృందంతో పాటు అమెరికా తిరిగి వీణ, గానం వినిపించారు. 1914లో తనకంటే పన్నెండేళ్లు చిన్నవాడైన టెడ్ షాన్‌ను వివాహమాడింది. అతను మతబోధకుడు కావాలని చదువుతూ, జబ్బు చేసి కాళ్లు చచ్చుబడితే, కోలుకోవడానికి నృత్యం మొదలుపెట్టినవాడు. ఇద్దరూ కలిసి 1915లో లాస్ ఏంజెలిస్‌లో ‘డెనిషాన్’ అనే పాఠశాల పెట్టారు. అక్కడ ఒట్టి పాదాలతో బాలే, స్పెయిన్ నృత్యం, ఆసియా దేశాల నృత్యాలు, యోగాసనాలు, డెల్సార్ట్ వ్యాయామాలు అన్నీ నేర్పేవారు. 1916లో వచ్చిన ‘ఇన్‌టాలరెన్స్’ అనే మూకీ చిత్రంలోనూ డెనిషాన్ విద్యార్థినులు ఆడారు.

1925 ఆగస్టులో ఈ బృందం ఆసియా యాత్రకు బయలుదేరింది. జపాన్, చైనా, బర్మా, భారతదేశం, సింహళం, జావా తిరిగి 1926 చివర ఇల్లు చేరింది. ‘రాధ’ ఆడిన ఇరవై ఏళ్లకు రూత్ భారతదేశాన్ని కళ్లారా చూసింది! రవీంద్రనాథ్ ఠాగూరును కలుసుకుంది. చదువుకున్నవారు నాచ్ పేరెత్తడానికే సిగ్గుపడుతున్న రోజుల్లో, ఒక తెల్ల స్త్రీ దానిని గౌరవంగా ఆడడం మన నగరాల ప్రేక్షకులను ఆకర్షించింది. టెడ్ షాన్ శివతాండవాన్ని తనకు తోచిన రీతిలో కూర్చుకున్నాడు. దేశదేశాల నృత్యాలను చూసి 1929లో పుస్తకం రాశాడు.

డెనిషాన్‌కు అసలు పేరు తెచ్చినది మాత్రం, దానిని విడిచిపోయిన శిష్యులు. 1916లో చేరిన మార్తా గ్రాహమ్ 1923లో వెళ్లిపోయింది. డోరిస్ హంఫ్రీ, చార్లెస్ వైడ్మన్ 1928లో వెళ్లారు. దేశదేశాల దేవతల వేషాలు తమవి కావనీ, తమ కాలపు మనిషి బాధను తమ శరీరంతోనే చెప్పాలనీ వారి పట్టుదల. గ్రాహమ్ శ్వాస తీసే, విడిచే తీరు నుంచి శరీరం ముడుచుకోవడం, విప్పారడం అనే పద్ధతిని తయారుచేసింది. హంఫ్రీ పడిపోవడం, నిలదొక్కుకోవడం అనే రెంటి మధ్య నృత్యాన్ని వెదికింది. గ్రాహమ్ 1930లో ఆడిన ‘లామెంటేషన్’లో కథ లేదు, దేవత లేదు. ఉన్నదల్లా ఒక గొట్టంలాంటి వస్త్రంలో మెలికలు తిరిగే దుఃఖం.

తరువాతి తరం వారినీ కాదంది. గ్రాహమ్ బృందంలో పెరిగిన మెర్స్ కన్నింగ్‌హామ్ 1953లో సొంత బృందం పెట్టి, నాణెం ఎగరేసి కదలికల వరుసను నిర్ణయించాడు. సంగీతాన్నీ నృత్యాన్నీ వేటికవిగా విడదీశాడు. 1962 జూలైలో న్యూయార్క్‌లోని జడ్సన్ చర్చిలో యువ నర్తకులు మరొక అడుగు వేశారు. ఇవాన్ రెయినర్, ట్రిషా బ్రౌన్, స్టీవ్ పాక్స్టన్ మొదలైనవారు నడవడం, పరుగెత్తడం, కూర్చోవడం వంటి మామూలు పనులను కూడా నృత్యమే అన్నారు. దానినే పోస్ట్ మోడర్న్ డాన్స్ అంటారు. రూత్ అలంకారాలన్నీ అక్కడ రాలిపోయాయి. అయితే కాలికి జోడు లేకుండా, ఎవరి అనుమతీ అడగకుండా, తన ఆటను తానే కూర్చుకునే ధైర్యం ఆమె తరం వారు ఇచ్చినదే.

1931లో దంపతులు విడిపోయారు, విడాకులు మాత్రం తీసుకోలేదు. పాఠశాల మూతపడింది. చేతిలో డబ్బు లేదు. రూత్ చర్చిలలో భక్తి నృత్యాలు ఆడించింది. 1938లో అడెల్ఫీ కళాశాలలో నృత్య విభాగాన్ని ప్రారంభించింది. 1940లో, భారతదేశానికి వెళ్లి నాట్యం అభ్యసించి వచ్చిన లా మేరీతో కలిసి న్యూయార్క్‌లో నాట్య పాఠశాల పెట్టింది. యుద్ధకాలంలో కాలిఫోర్నియాలోని విమానాల కర్మాగారంలో పని కూడా చేసింది. 1964లో వివాహ స్వర్ణోత్సవ సందర్భంగా షాన్‌తో కలిసి మళ్లీ ఆడింది. ‘ధూపం’ నృత్యాన్ని ఎనభై ఏళ్లు దాటాక కూడా వదలలేదు. 1968 జూలై 21న, ఎనభై తొమ్మిదో ఏట, లాస్ ఏంజెలిస్‌లో కన్నుమూసింది.

ఆమెను ఎలా తలచుకోవాలి? మన నాట్యాన్ని అనుకరించి పేరు తెచ్చుకుందని నిందించేవారు ఉన్నారు. మన దేశాన్ని పడమటివారికి పరిచయం చేసిందని కొనియాడేవారూ ఉన్నారు. రెంటిలోనూ నిజం ఉంది. ఆమె ప్రేమ నిజమైనది. చదువు అరకొర. అదే కాలపు మరొక అమెరికన్ వనిత ఎస్తర్ షెర్మన్, రాగిణీదేవి అని పేరు మార్చుకుని, 1930లో భారతదేశం చేరి గురువుల పాదాల దగ్గర కూర్చుని నేర్చుకుంది. ఆమె కూతురు ఇంద్రాణి, కోరాడ నరసింహారావుగారి వద్ద కూచిపూడి అభ్యసించి, విదేశాలలో దాని రుచి చూపిన తొలివారిలో ఒకరైంది. ప్రేమకు శిక్షణ తోడైతే ఏమవుతుందో దీనివల్ల తెలుస్తోంది.

మన పిల్లలలో చాలామంది కృష్ణానదిని, గోదావరిని చూడలేదు. వారికి తెలిసిన తెలుగుదేశం క్యాలెండరు బొమ్మల నుంచి, సినిమాల నుంచి, అమ్మమ్మల మాటల నుంచి వచ్చినది. ఒక బొమ్మను చూసి మనసు పారేసుకోవడం తప్పు కాదని రూత్ జీవితం చెబుతుంది. కాని బొమ్మ దగ్గరే ఆగిపోరాదు. గజ్జె కట్టిన పిల్లకు ఆ పదం అర్థం, ఆ పదాన్ని కాపాడిన వారి పేర్లు కూడా చెప్పాలి. రాధ ఎవరో, ముద్దుపళని ఎవరో, నాగరత్నమ్మ ఎవరో తెలిసిన పిల్ల ఎంత దూరదేశంలో ఆడినా ఆ ఆట ఆమె సొంతమే అవుతుంది. రేపు ఆ పిల్ల గ్రాహమ్ లాగా పాతదాన్ని విడిచి కొత్తది కూర్చుకుంటానన్నా మనం కంగారు పడనక్కరలేదు. దేనిని విడుస్తున్నదో తెలిసి విడిస్తే చాలు.