సుల్తాన్ సలాహుద్దీన్ అయ్యూబీ (రహ్మలై): మనసొప్పని సంధి

సుల్తాన్ సలాహుద్దీన్ అయ్యూబీ (రహ్మలై) పేరు వినని ముస్లిం కుటుంబం అరుదు. మన పిల్లలకు ఆ పేరు పెట్టుకుంటాం. హిత్తీన్ యుద్ధం గురించి, బైతుల్ మఖ్దిస్ విముక్తి గురించి ఇళ్లలో చెప్పుకుంటాం. కాని ఆ మహనీయుని జీవితపు చివరి సంవత్సరంలో జరిగిన సంధిని గురించి మనం చెప్పుకునేది తక్కువ. గెలుపు కథ ఎవరికైనా ఇంపుగానే ఉంటుంది. తన మనసుకు నచ్చని సంధిని ప్రజల మేలు కోసం ఒప్పుకొని, ఇచ్చిన మాటకు కట్టుబడిన కథలో నేర్చుకోవలసింది మరింత ఉంది.

బాల్యం, ఎదుగుదల

సలాహుద్దీన్ హిజ్రీ 532లో (క్రీ.శ. 1137-38) ఇరాక్‌లోని తిక్రీత్‌లో ఒక కుర్దు కుటుంబంలో జన్మించారు. తండ్రి పేరు నజ్ముద్దీన్ అయ్యూబ్. పినతండ్రి షిర్కూహ్ వెంట ఈజిప్టుకు వెళ్లి, ఆయన మరణానంతరం 1169లో అక్కడి మంత్రి పదవి చేపట్టారు. 1174లో సుల్తాన్ నూరుద్దీన్ జంగీ (రహ్మలై) మరణించాక, ముక్కలుగా ఉన్న ఈజిప్టు, సిరియా ప్రాంతాలను ఒక్క పాలన కిందికి తేవడానికి ఆయనకు చాలా ఏళ్లు పట్టింది.

1187 జులై 4న హిత్తీన్ వద్ద క్రూసేడర్ల సైన్యం ఓడిపోయింది. అదే సంవత్సరం అక్టోబర్ 2న, హిజ్రీ 583 రజబ్ 27న, బైతుల్ మఖ్దిస్ తిరిగి ముస్లిముల చేతికి వచ్చింది. 1099లో క్రూసేడర్లు ఆ నగరంలోకి చొరబడినప్పుడు వీధుల్లో రక్తం పారింది. 88 ఏళ్ల తర్వాత సుల్తాన్ ప్రవేశించినప్పుడు ఊచకోత జరగలేదు. పరిహార ధనం చెల్లించినవారిని వెళ్లనిచ్చారు. చెల్లించలేని పేదల్లో వేలాదిమందిని ఊరికే విడిచిపెట్టారు.

అలసిపోయిన రెండు సైన్యాలు

ఈ వార్త యూరప్‌ను కదిలించింది. జర్మనీ చక్రవర్తి, ఫ్రాన్స్ రాజు, ఇంగ్లాండ్ రాజు రిచర్డ్ ముగ్గురూ బయలుదేరారు. జర్మనీ చక్రవర్తి దారిలోనే నదిలో మునిగి చనిపోయాడు. మిగతా ఇద్దరూ అక్కా రేవును ముట్టడిస్తున్న సైన్యాన్ని చేరుకున్నారు. దాదాపు రెండేళ్ల ముట్టడి తర్వాత 1191 జులై 12న ఆ నగరం లొంగిపోయింది. ఫ్రాన్స్ రాజు త్వరలోనే స్వదేశానికి వెళ్లిపోయాడు.

ఆ తర్వాత జరిగినది చరిత్రలో మాయని మచ్చ. ఖైదీల విడుదలకు ఒప్పుకున్న ధనం విషయంలో జాప్యం జరిగిందని, రిచర్డ్ రెండున్నర వేలకు పైగా ముస్లిం ఖైదీలను ఆగస్టు 20న నగరం బయట చంపించాడు. ఆగ్రహంతో రగిలిపోయిన సుల్తాన్ కూడా ఆ తర్వాతి రోజుల్లో పట్టుబడిన శత్రుసైనికులు కొందరికి మరణశిక్ష విధించారు. ఈ సంగతిని దాచవలసిన పని లేదు. ఆయన దైవదూత కారు, మనలాంటి మనిషే. అయితే అంత జరిగాక కూడా ఆయన సంప్రదింపుల తలుపు మూసుకోలేదు. ఆయన గొప్పతనం అక్కడే ఉంది.

సుల్తాన్ తమ్ముడు అల్ ఆదిల్, రిచర్డ్‌ల మధ్య రాయబారాలు నెలల తరబడి సాగాయి. ఇద్దరూ కలిసి భోజనం చేశారు, కానుకలు ఇచ్చి పుచ్చుకున్నారు. రిచర్డ్ తన సోదరిని అల్ ఆదిల్‌కిచ్చి వివాహం చేస్తానని, ఆ దంపతులు బైతుల్ మఖ్దిస్ నుండి పాలించవచ్చని కూడా ప్రతిపాదించాడు. అది కుదరలేదు. బైతుల్ మఖ్దిస్‌ను అప్పగించాలని రిచర్డ్ కోరితే, అది దైవప్రవక్త (స) మేరాజ్ ప్రయాణానికి సాక్షిగా నిలిచిన పుణ్యస్థలమని, దాన్ని వదులుకోవడం తమ వల్ల కాదని సుల్తాన్ తెలియజేశారు. మిగతా దేని గురించైనా మాట్లాడుకోవచ్చు, దీని గురించి మాత్రం కుదరదు. చర్చకు కూర్చునే ముందే ఏది వదలవచ్చో, ఏది వదలకూడదో ఆయనకు స్పష్టంగా తెలుసు.

1192 వేసవిలో రిచర్డ్ సైన్యం బైతుల్ మఖ్దిస్‌కు ఒక్కరోజు నడక దూరంలోకి వచ్చింది. నగరంలోని సేనానులు ముట్టడికి భయపడుతున్నారు. సుల్తాన్‌కు రాత్రంతా నిద్ర లేదు. జుమా రోజున రహస్యంగా సదఖా ఇచ్చి, అజాన్‌కు ఇఖామత్‌కు మధ్య రెండు రకాతులు చదివి అల్లాహ్‌ను వేడుకోమని వెంట ఉన్న ఖాజీ బహావుద్దీన్ ఇబ్నె షద్దాద్ (రహ్మలై) సలహా ఇచ్చారు. ఆయన అలాగే చేశారు. సజ్దాలో ఆయన కన్నీళ్లు జానిమాజ్‌ను తడపడం తాను చూశానని ఆ ఖాజీ రాసిపెట్టారు. కొద్దిరోజులకే శత్రు శిబిరంలో అభిప్రాయభేదాలు వచ్చి, వారు వెనుదిరిగారు.

జులై చివర సుల్తాన్ జాఫా నగరంపై దాడి చేశారు. నగరం చేతికి వచ్చినట్టే వచ్చి జారిపోయింది. రిచర్డ్ ఓడల్లో వచ్చి దాన్ని కాపాడుకున్నాడు. అప్పుడు సుల్తాన్ ముందుకు కదలమని ఆజ్ఞాపిస్తే, ఆయన సైనికులే కదలలేదు. ఏళ్ల తరబడి ఇళ్లకు దూరమై వారు విసిగిపోయారు. అటు రిచర్డ్ జ్వరంతో మంచం పట్టాడు. స్వదేశంలో అతని తమ్ముడు రాజ్యానికి ఎసరు పెడుతున్నాడు. ఈ స్థితిలో పళ్లు, చల్లని మంచు కావాలని శత్రురాజు కబురు పంపితే సుల్తాన్ కాదనలేదు. పళ్లతోపాటు కొండల మీది మంచు కూడా పంపించారు.

ఒడంబడిక

1192 సెప్టెంబర్ 2న సంధి కుదిరింది. తూర్ నుండి జాఫా వరకు ఉన్న సముద్రతీరం క్రూసేడర్లకు. బైతుల్ మఖ్దిస్, లోపలి ప్రాంతాలు ముస్లిములకు. ఇద్దరూ పట్టుబట్టిన అస్ఖలాన్ కోట ఎవరికీ దక్కకుండా కూల్చివేత. క్రైస్తవ యాత్రికులు నిరాయుధులుగా వచ్చి తమ పవిత్రస్థలాలను స్వేచ్ఛగా దర్శించుకోవచ్చు. గడువు మూడేళ్ల ఎనిమిది నెలలు.

సుల్తాన్‌కు ఈ సంధి ఇష్టం లేదు. తాను చనిపోతే, మిగిలిన తీరం నుండే శత్రువు మళ్లీ బలపడతాడని ఆయన భయం. అయినా సేనానులను సమావేశపరచి వారి మాట విన్నారు. దేశం పాడుబడింది, పొలాలు బీడుపడ్డాయి, సైనికులు అలసిపోయారు అన్నారు వారు. ఆయన తన అభిప్రాయాన్ని పక్కనపెట్టారు. హుదైబియా ఒప్పందం జరిగిన రోజున సహాబాల మనసులు ఎంత బరువెక్కాయో మనకు తెలుసు. అల్లాహ్ ఆ ఒప్పందాన్నే స్పష్టమైన విజయంగా పేర్కొన్నాడు.

సంధి జరిగాక అసలు పరీక్ష మొదలైంది. యాత్రికులు గుంపులుగా రాసాగారు. తన ఉత్తరం లేనివారిని రానివ్వవద్దని రిచర్డ్ కోరాడు. దూరదేశాల నుండి వచ్చినవారిని వెనక్కి పంపడం తగదని సుల్తాన్ ఒప్పుకోలేదు. వచ్చినవారికి అన్నం పెట్టించారు, దారిలో రక్షణ కల్పించారు. నిన్నటిదాకా కత్తులు దూసిన సైనికులు ఒకరి శిబిరానికి ఒకరు వెళ్లి మాట్లాడుకున్నారు.

తీరని కోరిక

యుద్ధాలతోనే జీవితం గడిచిన ఆయనకు హజ్ యాత్ర భాగ్యం కలగలేదు. సంధి తర్వాత వెళ్లాలనుకున్నారు, రాజ్య వ్యవహారాలు వెళ్లనివ్వలేదు. 1193 ఫిబ్రవరిలో హజ్ చేసి తిరిగి వస్తున్న హాజీలకు ఎదురేగి దమిష్క్ బయటికి వెళ్లారు. ఆ రాత్రే జ్వరం వచ్చింది. హిజ్రీ 589 సఫర్ 27న, 1193 మార్చి 4న ఆయన అల్లాహ్ సన్నిధికి చేరుకున్నారు. ఈజిప్టు నుండి సిరియా వరకు ఏలిన ఆ సుల్తాన్ ఖజానాలో మిగిలింది 47 వెండి దిర్హములు, ఒక బంగారు నాణెం. ఇల్లు లేదు, పొలం లేదు, తోట లేదు. అంత్యక్రియలకు కూడా అప్పు చేయవలసి వచ్చింది.

సంధి జరిగిన ఆరు నెలలకే ఆయన కన్నుమూశారు. ఆ సమయంలో యుద్ధం సాగుతూ ఉంటే బైతుల్ మఖ్దిస్ గతి ఏమయ్యేదో అని ఖాజీ బహావుద్దీన్ తలచుకొన్నారు. సుల్తాన్ ఏ సంధికి మనసులో బాధపడ్డారో, ఆ సంధే ఆయన మరణానంతరం ఆ నగరానికి రక్షణగా నిలిచింది. ఏది మేలో మనకన్నా అల్లాహ్‌కే బాగా తెలుసు.

ప్రియ పాఠకులారా! మన చేతుల్లో రాజ్యాలు లేవు. కాని అన్నదమ్ముల మధ్య ఆస్తి తగాదాలున్నాయి, ఏళ్ల తరబడి మాటలు లేని బంధువులున్నారు, పొరుగువారితో పట్టింపులున్నాయి. అక్కడ వదలకూడని ధర్మమేదో, వదలదగిన పంతమేదో తేల్చుకుందాం. పెద్దలతో సంప్రదిద్దాం. ఒకసారి మాట ఇచ్చాక, అది మనకు భారమైనా నిలబెట్టుకుందాం. మన మధ్య సయోధ్యను నెలకొల్పే భాగ్యాన్ని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! ఆమీన్.