అలీన విధానానికి సాక్షి సర్వేపల్లి గోపాల్

1962 నవంబరులో భిలాయిలో సోవియట్ సాయంతో కట్టిన బ్లాస్ట్ ఫర్నేసులు మండుతూనే ఉన్నాయి. అదే నెలలో చైనాతో యుద్ధంలో ఉన్న భారత్‌కు అమెరికా విమానాలు ఆయుధాలు మోసుకొచ్చాయి. ఏ కూటమిలోనూ చేరని దేశం యుద్ధం మీద పడితే ఎవరి సాయం అడగాలి? అడిగాక అలీనత మిగులుతుందా? ఈ చిక్కుముడిని ప్రభుత్వం లోపలి నుంచి చూసి, తర్వాత చరిత్రగా రాసినవారు సర్వేపల్లి గోపాల్.

1923 ఏప్రిల్ 23న మద్రాసులో పుట్టిన గోపాల్ సర్వేపల్లి రాధాకృష్ణన్ కుమారుడు. ఆక్స్‌ఫర్డ్‌లో లార్డ్ రిపన్ పాలనపై పరిశోధన చేశారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చరిత్ర బోధించారు. 1954లో విదేశాంగ శాఖ చరిత్ర విభాగం డైరెక్టర్ అయ్యారు. మరుసటి ఏడాది ఫిబ్రవరి 2న భిలాయి ఒప్పందం కుదిరింది. రూర్కెలాకు పశ్చిమ జర్మనీ, దుర్గాపూర్‌కు బ్రిటన్ తోడ్పడ్డాయి. శాంతికాలంలో అలీనత ఇలా అందరి దగ్గరా సాయం తెచ్చిపెట్టింది.

సరిహద్దు విషయంలో అంత వెసులుబాటు లేదు. 1959లో గోపాల్ లండన్ వెళ్లి పాత దస్త్రాలు తిరగేశారు. అక్సాయ్‌చిన్‌పై భారత్ వాదనకే బలముందని నెహ్రూకు చెప్పారు. 1960లో చైనా అధికారులతో జరిగిన చర్చల్లోనూ పాల్గొన్నారు. నెహ్రూ పట్టు బిగించడానికి ఆ సలహా కూడా ఒక కారణమని కొందరు పరిశోధకుల విమర్శ. యుద్ధం రానే వచ్చింది. మొదట చైనా వైపు మొగ్గిన మాస్కో తర్వాత తటస్థంగా ఉండిపోయింది. అప్పుడు రాష్ట్రపతి గోపాల్ తండ్రే.

1966లో విదేశాంగ శాఖను వదిలిన గోపాల్ ఆక్స్‌ఫర్డ్‌లోనూ, ఆపై జేఎన్‌యూలోనూ పనిచేశారు. 1975, 1979, 1984లలో మూడు సంపుటాలుగా నెహ్రూ జీవిత చరిత్ర వెలువరించారు. 1976లో సాహిత్య అకాడమీ పురస్కారం అందుకున్నారు.

నెహ్రూపై ఆయనకున్న అభిమానం జగమెరిగినదే. అయినా 1962 నవంబరు 19న నెహ్రూ మంత్రివర్గ సహచరులను సంప్రదించకుండానే సైనిక సాయం కోరుతూ కెనడీకి రాసిన లేఖల సంగతిని మూడో సంపుటిలో దాచలేదు. అభిమానించిన నాయకుడి విధానం ఎక్కడ తడబడిందో రాయడానికి ఆ అభిమానం అడ్డు రాలేదు.

1999లో పద్మవిభూషణ్ అందుకున్న గోపాల్ 2002 ఏప్రిల్ 20న చెన్నైలో కన్నుమూశారు. యుద్ధంలో ఉన్న దేశాల మధ్య ఎవరి పక్కనా చేరకుండా ఎలా నిలబడాలన్న చర్చ వచ్చినప్పుడల్లా ఆ సంపుటాలు మళ్లీ తెరవాల్సిందే.